ఒక్కసారే అడిగే కంప్యూటరు

పోయిన వారం సుజాత నాకొక జిప్ ఫైలు పంపింది. మదనపల్లెలో మా చర్చి పాటల పుస్తకాన్ని మళ్లీ అచ్చు వేస్తున్నారట. పాత పుస్తకం పేజీలన్నీ స్కాన్ చేసి ఒక మూట కట్టి పంపుతున్నాను, తీరిగ్గా చూసి పెట్టు, ఆదివారం సాయంత్రం ఫోన్ చేస్తానని రాసింది. సుజాత నాతో పాటు బడిలో చదివిన మనిషి, ఇప్పుడు ఆ సంఘానికి సెక్రటరీ. నేను కుప్పంలో స్థిరపడి, కాలేజీలో పాఠాలు చెప్పీ చెప్పీ, జుట్టుకు రంగు వేసుకోవడం కూడా మానేసిన వయసులో ఉన్నాను. జిప్ ఫైలు విప్పడం ఈ రోజుల్లో ఒక పనా? అన్నీ బయటికి తియ్యమని నొక్కితే క్షణంలో తీసి పక్కన పెడుతుంది. మా కాలేజీ పిల్లలకైతే అది జిప్ అన్న సంగతి కూడా పట్టదు, ఫోనే విప్పి చూపిస్తుంది. నాకు మాత్రం ఆ ఫైలు కనిపిస్తే ఇప్పటికీ చెయ్యి ఆగుతుంది. మొత్తం విప్పానా, వేరే ఫోల్డరులో పెట్టుకున్నానా అని ఒకటికి రెండుసార్లు చూసుకుంటే తప్ప లోపలి కాగితం ముట్టను. ఇంట్లోవాళ్లు నవ్వుతారు. నవ్వనీ.

విప్పి, నేరుగా చివరి పేజీకి పోయాను. అది ఎట్లా ఉంటుందో నాకు తెలుసు. పైన "మన సంఘస్థుల పాటలు" అని పెద్ద అక్షరాలు. దాని కింద పూల తీగ బొమ్మ. ఆ తీగ కింద ఏమీ లేదు, ఉత్త తెల్ల కాగితం. ఇన్నేళ్ల తర్వాత, గదిలో నేనొక్కదాన్నే కూర్చుని ఉండగా, ఎవరో చూస్తున్నట్టు నా చెవులు వేడెక్కాయి.

మా నాయన మిషన్ ఆస్పత్రి లాండ్రీలో మేస్త్రీ. ఆస్పత్రి వెనక క్వార్టర్సులో మా ఇల్లు. పొద్దున లేవగానే ముక్కుకు తగిలేది గంజి వాసన, దాని వెనకే ఫినాయిలు వాసన, మధ్యాహ్నానికి ఎండలో ఆరిన దుప్పట్ల వాసన. వార్డుల నుంచి మాసిన బట్టలు పెద్ద పెద్ద మూటలుగా వచ్చేవి. ఆ మూట విప్పి, నేలమీద పరిచి, మరకలున్నవి ఒక పక్క, లేనివి ఒక పక్క వేసేదాకా నాయన ఎవరినీ తొట్టి దగ్గరికి రానిచ్చేవాడు కాదు. కొత్తగా వచ్చినవాళ్లు మూటలోకి చెయ్యి దూర్చి ఒక దుప్పటి లాగబోతే గట్టిగా కేకలేసేవాడు. ఇంటికొచ్చాక కూడా ఆయన చేతులకు నీలిమందు అంటుకునే ఉండేది. ఆ చేతులతోనే సాయంత్రం ప్రార్థనకు బైబిలు తెరిచేవాడు. మాకు ప్రార్థన అయ్యాకే సంగటి. పక్కన ఊరిబిండి పచ్చడి నూరి పెట్టడం నా పని.

నాయనమ్మను మేము అవ్వ అనేవాళ్లం. చర్చిలో ఆమెను ఎస్తేరమ్మ అనీ, చాటున సోమల ముసలామె అనీ అనేవారు. సోమల దగ్గర పల్లెలో పుట్టి, చిన్నతనం నుంచి ఇంకొకరి చేలో కూలికి పోయి, నాయనను మిషన్ బోర్డింగులో చదివించింది. అక్షరం రాదు. కానీ చెనిక్కాయ చేలో కలుపు తీసేటప్పటి బాణీలో దేవుడి మీద తానే పాటలు కట్టేది. వాటిలో రెండు మా క్వార్టర్సులో అందరికీ ఇష్టం. ఒకటి దేవుడు తన గుడిసెకు వస్తే ఎట్లా మర్యాద చేస్తుందో చెప్పే పాట.

"మా గుడిసె కొచ్చినోడా, మట్టరుగు మీద కూసో
మంచం లేదని మరలిపోబాకు
సంగటి ముద్ద సల్లారకముందే సెయ్యి కడుక్కో సామీ
తినొచ్చినానని అనబాకు"

తినొచ్చినానని అనడం మా ఇంటి అలవాటు. ఎవరింటికి పోయినా, ఏమి పెట్టబోయినా, మా నోటి నుంచి మొదట వచ్చేది "వద్దు." కాఫీ వద్దు, కుర్చీ వద్దు, స్కూటరు మీద దింపుతానంటే వద్దు. ఇది అవ్వ నేర్పిన మర్యాద. "ఒకతూరి అడిగినారని తినేయబాకండి. వాళ్లింట్లో ఉండాదో లేదో. మళ్లా అడిగినా వద్దనండి. మూడోతూరి గూడా అడిగితే, అప్పుడు తినండి," అనేది. కూలికి పోయిన ఇళ్లలో చెయ్యి చాచే మనిషి అనిపించుకోకుండా బతకడానికి ఆమె పట్టుకున్న దారి అది. అటువైపు వాళ్లకూ ఈ సంగతి తెలుసు. నిజంగా పెట్టాలనుకున్నవాళ్లు మూడుసార్లు అడిగేవాళ్లు. పెట్టే ఉద్దేశం లేనివాళ్లు ఒకసారి అడిగి ఊరుకునేవాళ్లు. ఇద్దరి పరువూ నిలబడేది.

నేను డిగ్రీలో చేరే ముందు నాయన ఒక పాత కంప్యూటరు తెచ్చాడు. ఆస్పత్రి ఆఫీసులో కొత్తవి వస్తే పాతవి ఇచ్చేశారు. మా వాళ్లలో కొత్త వస్తువు ఏది వచ్చినా మా చర్చి పాస్టరు అయ్యగారు వచ్చి ప్రార్థన చేయాల్సిందే. ఆయన ఆ మానిటరు నెత్తిన చెయ్యి పెట్టి, ఈ యంత్రము నీ మహిమ కొరకే వాడబడును గాక అని కళ్లు మూసుకుని అడిగాడు. అమ్మ దానికి దుమ్ము పడకుండా లాండ్రీ దుప్పటి ముక్కతో గవిసెన కుట్టింది. నాయన చిన్నప్పుడు ఆఫీసు ఉద్యోగం వస్తుందన్న ఆశతో తెలుగు టైపు నేర్చుకుని ఉన్నాడు. ఉద్యోగం రాలేదు గానీ వేళ్లకు టైపు మిగిలింది. అందుకే చర్చి పాటల పుస్తకం వేయాలనుకున్నప్పుడు తప్పులు దిద్దే పని తానే అడిగి తీసుకున్నాడు. మా నాయన తన నోటితో అడిగి తీసుకున్న పని నాకు తెలిసి అదొక్కటే.

దాని వెనక ఉద్దేశం ఇంట్లో అందరికీ తెలుసు. చివరి పేజీలో అవ్వ పాటలు రెండూ పడాలి. పుస్తకం కమిటీకి పెద్ద దైవసహాయం మాస్టారు, సుజాత వాళ్ల నాన్న, మొదట కొంచెం నసిగాడు. "బాగుండాయప్పా, కాకపోతే పొలం పాటల మాదిరి ఉండాయి," అన్నాడు. తర్వాత ఆయనే, సరే, మన సంఘస్థుల పాటలని ఒక పేజీ పెడదామని ఒప్పుకున్నాడు. పుస్తకం పుంగనూరులో ఒక ప్రెస్సులో తయారవుతోంది. నాయన బస్సులో పోయి, పేజీలన్నీ ఒక జిప్ ఫైలుగా ఫ్లాపీలో తెచ్చుకున్నాడు. ప్రెస్సాయన మంచివాడు. "ఎట్లా విప్పాలో చూపించమంటారా?" అని అడిగాడట. నాయన "వద్దులేప్పా, బస్సుకు టైమయింది," అని వచ్చేశాడు. ఆ మాట ఇంటికొచ్చి ఆయనే చెప్పాడు, ఒకరికి శ్రమ ఇవ్వలేదన్న తృప్తితో.

ఆ సాయంత్రం నాకు బాగా గుర్తుంది. ప్రార్థన అయ్యాక నాయన గవిసెన తీసి, జిప్ మీద నొక్కితే లోపలి ఫైళ్లు వరసగా కనిపించాయి. "ఇది మన మూట మాదిరే ఉండాదే," అని సంబరపడ్డాడు. ఆ వరసలో చివరిదాని మీద నొక్కితే తెరుచుకుంది. పైన శీర్షిక, కింద ఖాళీ. అవ్వ పక్కన స్టూలు మీద కూర్చుని ఒక్కో చరణం పాడుతుంటే ఆయన కొట్టాడు. ఆమె నడుమ ఆగి, "పడినాదా?" అనేది. "పడినాదమ్మా, సూడు," అని ఆయన తెర చూపించేవాడు. చదవడం రాని మనిషి ఆ అక్షరాల మీద వేలు పెట్టి, ఎడమ నుంచి కుడికి మెల్లగా జరిపింది. నేను వంటింట్లో ఊరిబిండి నూరుతూ వింటున్నాను. రెండు పాటలూ అయ్యాక నాయన ఫైలు సేవ్ చేసి మూసేశాడు. అప్పుడు కంప్యూటరు ఒక చిన్న డబ్బా చూపించి ఏదో అడిగింది. నాయన గట్టిగా, ఎదురుగా మనిషి ఉన్నట్టు, "వద్దులేప్పా," అన్నాడు. అని, వద్దు అనే నొక్కాడు. నేను విని నవ్వుకున్నాను.

మూట విప్పకుండా లోపలికి చెయ్యి దూర్చాడని, తాను తాకింది ఆ కంప్యూటరు తాత్కాలికంగా బయటికి తీసి ఇచ్చిన ఒక నకలని, మార్చినదాన్ని తిరిగి మూటలో పెట్టమంటావా అని అది అడిగిందని మాకెవరికీ తెలియదు. వద్దనగానే అది ఆ నకలును పారేసింది. మర్నాడు నాయన ఆ ఖాళీ పేజీనే ఫ్లాపీలో భద్రంగా పెట్టుకుని పుంగనూరు బస్సెక్కాడు.

అచ్చయిన పుస్తకాల పార్సిలు ఆదివారం దాకా ఎవరూ విప్పలేదు. దేవుడి పనికి వచ్చినదాన్ని బలిపీఠం ముందు ప్రార్థన చేసి విప్పడమే మా ఆచారం. అయ్యగారు రిబ్బను కత్తిరించి, పుస్తకాలు పంచి, ఆఖరున ముఖం నిండా నవ్వుతో, "చివరి పుట తీయండి. మన ఎస్తేరమ్మ గారు కట్టిన పాట, వారే పాడతారు," అన్నాడు. అవ్వ అప్పటికే లేచి నిలబడింది. కొత్త చీర, కొంగు తల మీదికి కప్పుకుని, చేతులు కట్టుకుని ఉంది. చర్చి అంతా పేజీలు తిప్పిన చప్పుడు. తర్వాత మళ్లీ తిప్పిన చప్పుడు, ఈసారి వెనక్కి, ముందుకి. ఎవరో "ఈడ ఏమీ లేదే," అన్నారు. అవ్వకు విషయం అర్థం కాలేదు. అందరూ వెతుక్కుంటున్నారు, దొరికాక పాడదామని అట్లాగే నిలబడి ఉంది. నేను క్వయరులో, జనానికి ఎదురుగా కూర్చుని ఉన్నాను. ఆమె నా కేసి చూసింది. నేను పుస్తకంలో తల దూర్చి, నాకూ కనిపించనట్టు పేజీలు తిప్పాను. కూర్చో అవ్వా, కూర్చో, అని లోపల అరుచుకుంటున్నాను. ఆమె మీద జాలితో కాదు. నా స్నేహితురాళ్లు చూస్తున్నారని.

ఆరాధన అయ్యాక వరండాలో నాయన మాస్టారిని నిలబెట్టాడు. "మా యమ్మ పాట యాడికి పోయినాది సార్?"

"నాకేం తెలుసప్పా. ప్రెస్సోళ్లు ఇచ్చింది ఇచ్చినట్టే తెచ్చినాను."

"పొలం పాట అంటిరి గదా. కూలికి పోయినామె పాట పడితే మీ పుస్తకం మైలపడతాదనా?"

 మాస్టారు గొడుగు తీసుకుని వెళ్లిపోయాడు. నాయన అనుమానం గాలిలోంచి పుట్టింది కాదు. మా చర్చిలో ముందు బెంచీలు ఎవరివో వెనక బెంచీలు ఎవరివో ఎక్కడా రాసి లేకపోయినా చిన్నపిల్లలకు కూడా తెలుసు. అందుకే ఆ మాట నిజమనే నేనూ నమ్మాను. నమ్మడం సులువుగా కూడా ఉంది.

ఒకరి మీద కోపం పెట్టుకున్నవాడు రొట్టె, ద్రాక్షరసం తీసుకునే ప్రభు బల్ల దగ్గరికి పోకూడదు. నాయన ఆ నియమం తప్పే మనిషి కాదు. ఆ బల్ల సంస్కారం ఉన్న ఆదివారాల్లో ప్రసంగం కాగానే లేచి, తల దించుకుని, చర్చి మధ్య దారిలో నడిచి బయటికి పోయేవాడు. ఆయన వెనక అమ్మ. అమ్మ వెనక అవ్వ, పాడని పాటకు శిక్ష పడినట్టు. ఆ దారి ఎంత పొడవో నడిచినవాళ్లకు తెలుస్తుంది. నేను క్వయరు వదిలి రాలేనని సాకు చెప్పి లోపలే ఉండిపోయేదాన్ని.

తర్వాత నేను కుప్పంలో హాస్టలులో చేరి కంప్యూటరు కోర్సు చదవసాగాను. ఒకరోజు ల్యాబులో మేడమ్ జిప్ ఫైళ్ల గురించి చెబుతూ, విప్పకుండా లోపలి నుంచే తెరిచి మార్చి, మూసేటప్పుడు వచ్చే ప్రశ్నకు వద్దంటే చేసిన పనంతా పోతుందని చేసి చూపించింది. ఆ చిన్న డబ్బా తెర మీదికి రాగానే నాయన గొంతు నా చెవిలో వినిపించింది. వద్దులేప్పా. పక్కన పిల్లలు రాసుకుంటున్నారు. నేను కలం కింద పెట్టేశాను.

ఆ శనివారమే పుంగనూరు మీదుగా బస్సులో ఇంటికొచ్చాను. గవిసెన తీసి, ఒక ఫైలుతో అట్లాగే చేసి చూపించాను. డబ్బా వచ్చింది. నాయన కళ్లద్దాలు పెట్టుకుని దగ్గరికి జరిగాడు.

"ఇదే. ఆ పొద్దు గూడా ఇదే అడిగినాది," అన్నాడు.

"నువ్వు వద్దన్నావు నాయనా."

"అవును. వద్దంటిని."

గడప మీద కూర్చుని చెనిక్కాయలు ఒలుస్తున్న అవ్వ తలెత్తింది. "ఎవర్నిరా వద్దంటివి?"

"కంప్యూటర్నమ్మా. నీ పాట ఉంచమంటావా అని అడిగినాది."

"యాల వద్దంటివి?"

"అడిగితే వద్దనాల గదమ్మా. నువ్వే గదా నేర్పిస్తివి."

అవ్వ చేతిలో కాయ చేతిలోనే ఉంది. "మళ్లా అడగలేదా అది?" అంది.

"లేదమ్మా. ఒకతూరే అడిగినాది."

"అట్లయితే అది మన పక్క మనిషి గాదులే," అని ఆమె మళ్లీ కాయలు ఒలవడంలో పడింది. ఎవరమూ నవ్వలేదు. నాయన నీలిమందు అంటిన చేతులు మోకాళ్ల మీద పెట్టుకుని తెర కేసి చూస్తూ ఉండిపోయాడు. ఆయన ముఖంలో నేను చూసింది బాధ కాదు, సిగ్గు. మూట విప్పకుండా చెయ్యి పెట్టినవాళ్లను జీవితమంతా కేకలేసిన మనిషి.

మరుసటి సంస్కారపు ఆదివారానికి నేనూ కుప్పం నుంచి వచ్చి క్వయరులో కూర్చున్నాను. ప్రసంగం అయ్యాక నాయన లేచాడు. బయటికి పోలేదు. అక్కడే నిలబడి, "మాస్టారు మా యమ్మ పాట తీసేయలేదు. నేనే పోగొట్టినాను. ఉంచమంటావా అని కంప్యూటరు నన్ను అడిగినాది, నేను వద్దంటిని. ఆయన్ను అనరాని మాట అంటిని," అన్నాడు. కంప్యూటరు అడిగిందన్న మాటకు వెనక నుంచి కుర్రవాళ్లు కిసుక్కున నవ్వారు. నా వరసలోనూ ఒకరు నవ్వారు. నాయన ఆ నవ్వు విన్నాడు, విని కూడా నిలబడే ఉన్నాడు. మాస్టారు తన ముందు బెంచీలోంచి లేచి వచ్చి, "రా, ఈడ నా పక్కన కూసో," అన్నాడు. నాయన "వద్దులే సార్," అన్నాడు. "కూసోప్పా." "వద్దు సార్." మాస్టారు చెయ్యి పట్టుకుని, "కూసో అంటాండా గదా," అన్నాడు. అప్పుడు నాయన కూర్చున్నాడు. పొలం పాట అని నసిగిన ఆ మనిషికి మా ఇంటి మర్యాద ఇంత బాగా తెలుసని నేననుకోలేదు.

ఆ సాయంత్రం కుప్పం బస్సుకు బయలుదేరే ముందు నేను అవ్వను అడిగాను. "అవ్వా, ఆ పాటలు మళ్లా పాడు. నేను కొడతాను," అన్నాను. "వద్దులేమ్మా, ఇంక యాల," అంది. అని, నా ముఖం కేసి చూస్తూ కూర్చుంది. ఆమె ఎందుకు చూస్తోందో నాకు తెలియక కాదు. ఆ ఇంట్లో పుట్టిన దాన్ని, రెండోసారి అడగాలని, మూడోసారి అడగాలని నాకు తెలియకపోవడమేమిటి? కానీ సంచీ సర్దుకోవాలి, బస్సు ఉంది, పైగా ఆ పాట, ఆ తెల్ల పేజీ, ఆ నవ్వు, అన్నీ ఎంత తొందరగా మరుగున పడితే అంత మంచిదనిపించింది. సరే అవ్వా అని కంప్యూటరు మీద గవిసెన కప్పేశాను. ఆమె గొంతెత్తి పాడగా నేను మళ్లీ వినలేదు. ఆ చలికాలం దాటకుండానే పోయింది. నాయన ఆ కంప్యూటరును మళ్లీ ముట్టలేదు. ఇప్పుడు ఆయనా లేడు.

ఇప్పుడు మా కాలేజీలో పిల్లలకు నేనే చెబుతుంటాను, ఎదుటివాళ్లు వద్దంటే వద్దనే అర్థం, అక్కడితో ఆగండి అని. అది మంచి మాటే, ఈ కాలానికి కావలసిన మాటే. ఆ మాట చెప్పిన ప్రతిసారీ గడప మీద కూర్చుని నా కేసి చూస్తున్న ముసలామె మాత్రం గుర్తొస్తుంది.

ఆదివారం సాయంత్రం సుజాత చెప్పినట్టే ఫోన్ చేసింది. "రూతూ, సూసినావా? చివరి పేజీ ఖాళీగా ఉండాది గదా. అవ్వ పాటలు నీకొచ్చు గదా, రాసిస్తావా?" అంది.

"వద్దులే సుజాతా, ఇప్పుడు ఎందుకు," అన్నాను. నేను అనుకుని అన్న మాట కాదు. నోటికి అలవాటైన మాట, అదే వచ్చింది.

"సరేలేవే, నీ ఇష్టం. ఆ పేజీ తీసేయమని ప్రెస్సుకు చెప్తా. రేపే అచ్చుకు పోతాండాది," అంది. ఎవరో పిలిచారు కాబోలు, పెట్టేసింది.

ఫోన్ చెవి దగ్గరే పెట్టుకుని ఉన్నాను. మళ్లీ అడుగుతుందని చూశాను. ఆమె తప్పేమీ లేదు. అడిగింది, వద్దన్నాను, గౌరవించింది. తెర మీద ఆ పేజీ ఇంకా తెరిచే ఉంది, పూల తీగ, దాని కింద తెలుపు. అవ్వ ఎట్లా ఎదురుచూసిందో అప్పుడు నాకు తెలిసింది. సిగ్గేసింది. తర్వాత నేనే ఫోన్ చేశాను.

"ఏందే?" అంది సుజాత.

"ఇందాక అడిగినావే, అది ఇంకోతూరి అడుగు."

 ఎంతైనా ఆ మాస్టారి కూతురు. గొంతు తగ్గించి, "అవ్వ పాటలు రాసిస్తావా రూతూ?" అంది.

"రాసిస్తాను. మొదటిది అంతా వస్తుంది. రెండోది సగమే."

"మిగతా సగం యాల రాదు?"

"అవ్వను నేను ఒకతూరే అడిగితిని," అన్నాను.